నందనూరు నుంచి న్యూయార్కుకు

పిల్లలూ! హిందూపురానికి దగ్గరలో ఉన్న లేపాక్షి బసవన్నను మీలో చాలామంది చూచే ఉంటారు. పెనుకొండలో విజయనగర రాజుల అధికారిగా ఉన్న విరూపణ్ణ 16వ శతాబ్దంలో లేపాక్షి ఆలయాన్ని కట్టించాడు. ఒకే బండను మలచి చేసిన అక్కడి నంది పొడవు 27 అడుగులు, ఎత్తు 15 అడుగులు.

నేను ప్రధానోపాధ్యాయుడుగా ఉన్న రోజుల్లో ఒకసారి మా బడి పిల్లలను అక్కడికి తీసుకొని పోయాను. అందరూ బసవన్న మెడలోని గంటలను చూస్తూ ఉండగా, ఒక కుర్రవాడు నా దగ్గరకు వచ్చి, "సార్, నేను శిల్పిని కావాలంటే ఎక్కడికి పోవాలి?" అని అడిగాడు.

"ముందు లెక్కల్లో మార్కులు తెచ్చుకో" అన్నాను. వాడు తల వంచుకొని వెళ్ళిపోయాడు. నేను చెప్పవలసిన జవాబు అది కాదు. సరియైన జవాబు ఒక తెలుగువాని జీవితంలో ఉన్నది. ఆయన పేరు కృష్ణారెడ్డి.

ఆయన 1925లో చిత్తూరు జిల్లా నందనూరులో పుట్టాడు. దూరాన వంగదేశంలోని శాంతినికేతనానికి వెళ్ళి నందలాల్ బోసు గారి వద్ద చిత్రకళ నేర్చాడు. తరువాత మద్రాసు కళాక్షేత్రంలో తానే ఉపాధ్యాయుడైనాడు. ఉద్యోగం దొరికింది గదా అని అక్కడే ఆగాడా? లేదు. మళ్ళీ విద్యార్థి అయి లండనులోని స్లేడ్ కళాశాలలో చేరాడు. హెన్రీ మూర్ వద్ద శిల్పం నేర్చాడు. అక్కడినుంచి పారిస్ వెళ్ళి జాడ్కిన్ వద్ద, ఇటలీ వెళ్ళి మరీనో మరీనీ వద్ద శిష్యరికం చేశాడు. పాఠం చెప్పిన తరువాత కూడా పాఠం నేర్చుకోవటానికి సిగ్గుపడని మనిషి ఆయన!

పారిస్‌లో 'అతెల్యే 17' అనే పనిశాల ఉండేది. దానిని స్థాపించిన హేటర్ ఇంగ్లండు దేశస్థుడు. అక్కడ లోహపు రేకులపై బొమ్మలు చెక్కి, సిరా పూసి, కాగితంపై అచ్చు తీసేవారు. రంగుల బొమ్మ కావాలంటే సాధారణంగా ఒక్కొక్క రంగుకు ఒక్కొక్క రేకు వాడేవారు. ఒక రేకు వెంట్రుకవాసి పక్కకు జరిగినా బొమ్మ చెడేది.

కృష్ణారెడ్డి శిల్పి గదా! ఆయన కంటికి రేకు చదునైన పలకగా కనిపించలేదు. చిన్న రాతిబండగా కనిపించింది. దానిని ఒకచోట లోతుగా, ఒకచోట తక్కువగా చెక్కి, మిట్టలూ పల్లాలూ చేశాడు. మరి ఒకే రేకుపై రంగులు కలిసిపోకుండా ఉండటం ఎట్లా?

ఇది తెలియాలంటే వంటింట్లోకి వెళ్ళండి. వాలుగా పెట్టిన పళ్ళెంలో ఒక చుక్క నూనె, ఒక చుక్క తేనె వేయండి. నూనె పరుగెత్తుతుంది, తేనె మెల్లగా జారుతుంది. ద్రవానికి ఉండే ఈ చిక్కదనాన్నే స్నిగ్ధత అంటారు. నూనె ఎక్కువగా కలిపిన పలుచని సిరాను గట్టి రబ్బరు రోలరుతో దొర్లిస్తే, అది మిట్టలకే అంటుతుంది. తరువాత చిక్కని సిరాను మెత్తని రోలరుతో దొర్లిస్తే, రోలరు అణగి, సిరా పల్లాలలోకి దిగుతుంది. నూనె సిరా ఉన్నచోట మాత్రం అంటుకోదు. ఇక తడి కాగితం పరచి యంత్రంలో నొక్కితే చాలు, రంగులన్నీ ఒకేసారి అచ్చు పడతాయి. ధర్మవరం పట్టుచీరలో పడుగు ఒక రంగు, పేక మరొక రంగు అయినప్పుడు, కంటికి మూడవ రంగు మెరిసినట్టే, ఈ బొమ్మల్లోనూ పక్కపక్కన ఉన్న రంగులు కొత్త రంగులుగా కనిపిస్తాయి.

బొంబాయినుంచి వచ్చిన కైకో మోతీ వంటి తోటి కళాకారులతో కలిసి ఆయన ఈ పద్ధతిని పెంపొందించాడు. 1963లో అచ్చువేసిన 'సుడిగుండం' చూస్తే నీరు తిరుగుతున్నట్టే ఉంటుంది. అట్లా అని ఉలిని వదలలేదు. 1964లో కెనడాలోని మాంట్రియల్ నగరంలో అనేక దేశాల శిల్పులు కూడినప్పుడు, ఆయనా వారితోపాటు శిల్పం మలిచాడు.

ఆయన అతెల్యే 17కు సహసంచాలకుడైనాడు. 1972లో భారత ప్రభుత్వం పద్మశ్రీ ఇచ్చింది. 1976లో అమెరికాకు వలస వెళ్ళి, న్యూయార్కు విశ్వవిద్యాలయంలో ఆచార్యుడైనాడు. తాను సాధించిన విద్యను పెట్టెలో దాచుకోలేదు. దేశదేశాల విద్యార్థులకు చేయిపట్టి నేర్పాడు; పుస్తకంగా కూడా వ్రాశాడు. 2018లో న్యూయార్కులో కన్నుమూశాడు.

ఆనాటి కుర్రవాడు ఇప్పుడు ఎక్కడ ఉన్నాడో! కనిపిస్తే వాడికి ఇట్లా చెబుతాను: "నాయనా, గురువు ఉన్న చోటికి పో. నేర్చినదానిని పదిమందికి పంచు. లెక్కలు కూడా మానకు. కొలత తెలియనివాడు బసవన్నను మలచలేడు."

తల్లిదండ్రులారా! మీ బిడ్డ నోటుపుస్తకం అంచులో బొమ్మ వేస్తే, దానిని లాక్కోకండి. పక్కన కూర్చొని, "ఇది ఏమిటి?" అని ఒక్కసారి అడగండి. నేను ఆనాడు అడగలేకపోయాను.