సినిమాలో ఆలాపన

ప్రయోగమంటే పాటలు లేకపోవడమో, కొత్త రకం కథను ఎంచుకోవడమో అన్న అభిప్రాయం బలంగా ఉన్న రోజుల్లో, అసలు కథ చెప్పడమే సినిమా మొదటి కర్తవ్యమా అన్న ప్రశ్నను తొలి చిత్రంతోనే లేవనెత్తి, ఆ తరవాత మూడు దశాబ్దాల పాటు దాన్ని విడిచిపెట్టని దర్శకుడు మణి కౌల్ (1944-2011). జోధ్‌పూర్‌లో కశ్మీరీ కుటుంబంలో పుట్టిన ఆయన పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఋత్విక్ ఘటక్ శిష్యుడు. ఉద్వేగం ఉప్పొంగే సినిమాలు తీసిన గురువు దగ్గర చదువుకుని, నటులు హావభావాలు ఒలికించకుండా మాటను మాటగా మాత్రమే పలకాలన్న ఫ్రెంచి దర్శకుడు రాబర్ట్ బ్రెస్సాన్ నిగ్రహం వైపు ఆయన మొగ్గారు.

ఆ నిగ్రహం మొదట కనిపించింది ‘ఉస్కీ రోటీ’ (1970)లో. మోహన్ రాకేశ్ కథ ఆధారంగా, చిన్న చిత్రాలకు అప్పిచ్చేందుకు కేంద్ర ప్రభుత్వం నెలకొల్పిన ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ సొమ్ముతో తీసిన ఈ చిత్రంలో, బస్సు డ్రైవరైన భర్త కోసం రొట్టెలు పట్టుకుని రోడ్డు పక్కన ఎదురుచూసే బాలో అనే స్త్రీ నిరీక్షణ తప్ప చెప్పుకోదగ్గ సంఘటన దాదాపు లేదు. ఛాయాగ్రాహకుడు కె.కె. మహాజన్‌తో కలిసి కౌల్ ఇక్కడ రెండే లెన్సులు ఎంచుకున్నారు: దగ్గరిదీ దూరపుదీ ఒకేలా స్పష్టంగా చూపే 28 మిల్లీమీటర్లది ఒకటి, దూరపుదాన్ని చేరువకు లాగి దాని వెనకదాన్ని మసకబార్చే 135 మిల్లీమీటర్లది మరొకటి. ఒకటి వాస్తవానికీ రెండోది బాలో ఊహకూ గుర్తని ప్రేక్షకుడికి అలవాటయ్యే వేళకు ఆ సంబంధం తారుమారవుతుంది. ఎదురుచూసే మనిషి మనసులో జరిగినదీ జరగబోయేదీ ఎలా కలగలిసిపోతాయో, సంభాషణతో పనిలేకుండా లెన్సే చెబుతుంది. సినిమా సాగదని విసుక్కున్నవారు అప్పుడూ ఉన్నారు, ఇప్పుడూ ఉంటారు. సత్యజిత్ రాయ్ అంతటివారే ఈ ధోరణిని మెచ్చలేదు. వారి ఫిర్యాదును కొట్టిపారేయలేం గానీ, విసుగు పుట్టే ఆ నిడివే లేకపోతే నిరీక్షణ తెలిసేదెలా అన్నది కౌల్ వైపు నుంచి అడగవలసిన ప్రశ్న.

విజయ్‌దాన్ దేథా చెప్పిన రాజస్థానీ కథతో తీసిన ‘దువిధా’ (1973) ఆయన తొలి రంగుల చిత్రం, ఉత్తమ దర్శకుడిగా జాతీయ పురస్కారం తెచ్చినది. పెళ్లయిన వెంటనే వ్యాపారానికి దూరదేశం వెళ్లిన వరుడి రూపం ధరించి ఒక దయ్యం వధువుతో కాపురం చేసే ఈ కథనే 2005లో షారుఖ్ ఖాన్‌తో ‘పహేలీ’గా చూసినవారు ‘దువిధా’ను పక్కన పెట్టుకుని చూడాలి. ఆ చిత్రంలో సింగారమంతా కథను ముందుకు తోయడానికే పనికొస్తే, ఇక్కడ సున్నం వేసిన గోడ మీది ఎర్రని ముసుగు, మధ్యమధ్య కదలక నిలిచిపోయే చిత్రాలు వధువు నిర్ణయించుకోలేకపోతున్న క్షణం దగ్గరే మనల్ని ఆపేస్తాయి.

ఇంతకూ ఈ ఆగిపోవడమంతా ఎక్కడికి పోతుందో తెలిసేది ‘ధ్రుపద్’ (1982)లోనే. ధ్రుపద్ అంటే హిందూస్తానీ సంగీతంలో ఖయాల్ కన్నా పాతదైన గానపద్ధతి. తాళమూ సాహిత్యమూ రాకముందే ఆలాపన ఎంతోసేపు విస్తరించే ఈ సంప్రదాయాన్ని కౌల్ రుద్రవీణ విద్వాంసుడు జియా మొహియుద్దీన్ డాగర్ వద్ద స్వయంగా అభ్యసించారు. స్వరం ఒక బిందువు కాదనీ, ఒకదాని నుంచి మరొకదానికి జారే దారి కూడా స్వరంలో భాగమేననీ గమకం ఎరిగిన కర్ణాటక సంగీత శ్రోతలకు వేరే చెప్పనక్కరలేదు. షాట్ కూడా అలాంటిదేనని కౌల్ భావన: అది తరవాతి షాట్‌కు మెట్టు కాదు, తనంతట తాను విప్పారవలసిన వ్యవధి. జైపూర్ జంతర్ మంతర్‌లోనూ ఫతేపూర్ సిక్రీలోనూ రాతి వంపుల మీద కెమెరా మెల్లగా జరుగుతుంటే ఏ వ్యాఖ్యానమూ అవసరం కాదు. ఆయన సిద్ధాంతమూ చేతిపనీ పూర్తిగా ఒక్కటైన చిత్రం ఇదే. అంతకుముందు ‘ఆషాఢ్ కా ఏక్ దిన్’ వంటి వాటిలో సిద్ధాంతమే కాస్త ముందు నడిచిందనిపిస్తుంది.

కాశీ ఠుమ్రీ గాయని సిద్ధేశ్వరీ దేవి మీద తీసిన ‘సిద్ధేశ్వరి’ (1989)లో, ఆమె పాత్ర ధరించిన మీతా వశిష్ఠ్ చివర టీవీ ముందు కూర్చుని అసలు గాయని పాడుతున్న పాత రికార్డింగును చూస్తుంది. జీవితచరిత్ర చిత్రాలు సాధారణంగా దాచే తేడాను, అంటే నటి వేరు గాయని వేరు అన్నదాన్ని, ఆయన దాచకుండా తెర మీద పెట్టేశారు.

ఇలాంటి చిత్రాలకు ధనం ఎక్కడిదన్నది చిన్న ప్రశ్న కాదు. అప్పు తిరిగి రాని చిత్రాలకు ఫైనాన్స్ కార్పొరేషన్ డబ్బివ్వడాన్ని 1976లో పార్లమెంటరీ సంఘమే తప్పుపట్టింది. కౌల్‌తో సహా పుణె ఇన్‌స్టిట్యూట్ పూర్వవిద్యార్థులు సహకార పద్ధతిలో ‘ఘాశీరామ్ కొత్వాల్’ తీశారు. దాస్తయెవ్‌స్కీ నవల ‘ఇడియట్’ దూరదర్శన్ ధారావాహికగా వచ్చింది. డబ్బు సంగతి ఎలా ఉన్నా, ఒక గుమాస్తా గురించి వినోద్ కుమార్ శుక్ల రాసిన నవలతో తీసిన ‘నౌకర్ కీ కమీజ్’ (1999) నాటికి కౌల్ ఇంకో అడుగు వేసి, వ్యూఫైండర్‌లోంచి, అంటే ఫ్రేమును కొలిచే కంటిద్దంలోంచి, చూడవద్దని ఛాయాగ్రాహకుడికి చెప్పారు. కంటితో కట్టిన చట్రంలో బొమ్మను బంధించడం పాశ్చాత్య పర్‌స్పెక్టివ్ చిత్రకళ నుంచి వచ్చిన అలవాటనీ, దాన్ని వదిలితే శరీరం మొత్తం చూడడం మొదలుపెడుతుందనీ ఆయన వాదం. ఆ వాదాన్ని అంగీకరించినా లేకున్నా, ఆ గుమాస్తా కథలో కెమెరా మునుపెన్నడూ లేనంత తేలిగ్గా, కాస్త హాస్యంగా కూడా తిరుగుతుంది.