అగ్గిపుల్ల లేకుండా గుడ్డ ఎలా అంటుకుంటుంది?

కెనడాలో వేసవి రాగానే పెరట్లోని చెక్క డెక్‌లకు వుడ్ స్టెయిన్ అనే రంగు పూస్తారు. మిగిలినదాన్ని సింకులో పోస్తే? అది చేరే నీళ్లలోని చేపలకు విషం. పోయకూడదు.

అంతకన్నా పెద్ద ప్రమాదం, స్టెయిన్ తుడిచిన గుడ్డతో! చాలా నూనె స్టెయిన్‌లలో అవిసె నూనె ఉంటుంది. అది నీళ్లలా ఆవిరై ఆరిపోదు. గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి గట్టిపడుతుంది. అప్పుడు వేడి పుడుతుంది. గుడ్డను ఉండచుట్టి పడేస్తే ఆ వేడి బయటికి పోలేదు. లోపలే పెరిగి పెరిగి, మంట లేస్తుంది! అందుకే అలాంటి గుడ్డను నీళ్లు నింపిన ఇనుప డబ్బాలో ముంచి, మూత పెట్టాలి.

మిగిలిన స్టెయిన్‌ను లేబుల్ ఉన్న దాని డబ్బాలోనే, మూత బిగించి సేకరణ కేంద్రానికి ఇవ్వాలి. బ్రిటిష్ కొలంబియాలో ప్రొడక్ట్ కేర్ సంస్థ 1994 నుంచి మిగులు పెయింట్లను సేకరిస్తోంది. టొరంటోలో ఇందుకు నగరపాలక సంస్థ డిపోలున్నాయి.

పిల్లలూ, స్టెయిన్ తుడిచిన గుడ్డను మీరు ముట్టుకోకండి. అమ్మకో నాన్నకో వెంటనే చెప్పండి.