చెంప చూపించమన్నది ఎవరికి?

ప్రతి నవంబరులో ధారూర్ పక్క అడవి కొన్ని రోజులు ఊరైపోతుంది. వికారాబాద్ నుంచి తాండూరు పోయే రైలు మార్గంలో చిన్న స్టేషన్ అది. అక్కడ జరిగే మెథడిస్టు క్రైస్తవ జాతరకు తెలంగాణ జిల్లాల నుంచే కాదు, కర్ణాటక వైపు నుంచి కూడా జనం వస్తారు. చెట్ల కింద గుడారాలు, మూడు రాళ్ల పొయ్యిలు, పిల్లల పుట్టువెంట్రుకల మొక్కులు, రాత్రంతా పాటలు. వచ్చేవాళ్లలో ఎక్కువమంది మాదిగ, మాల కుటుంబాలవాళ్లే. కులం, క్రైస్తవం మీద పరిశోధన చేస్తున్న మాకు ఈ జాతర ఒక ప్రశ్నను మళ్లీ మళ్లీ ముందు పెడుతుంది. శత్రువును ప్రేమించాలన్న ప్రసంగం ఇక్కడ వింటున్నది ఎవరు? వాళ్లను కొట్టేవాళ్లు ఈ ప్రసంగం ఎప్పుడైనా విన్నారా?

ఒక సందర్భాన్ని ఊహించుకుందాం. ఏదో ఒక ఊరి పేరు పెట్టి చెప్పే కథ కాదిది, పల్లెల్లో కేసులు చూసిన కార్యకర్తలకు బాగా తెలిసిన తీరు. పెళ్లి బరాత్ ఆధిపత్య కులం వీధిలోంచి పోయిందని పిల్లలను కొట్టారు. కుర్రవాడు స్టేషన్‌కు పోయి ఫిర్యాదు ఇచ్చాడు. పొద్దుగూకేసరికి సర్పంచ్ మనిషి, కులపెద్ద, వాళ్ల వెనక చర్చి అయ్యగారు ఇంటికి వచ్చారు. "ఊర్ల బతకాలె గదా బిడ్డా. క్షమించు, ప్రభువు చూసుకుంటడు." మర్నాడు రాజీ కాగితం మీద సంతకం. సర్పంచ్ మనిషి అడిగితే కాదనగలిగిన కుర్రవాడు అయ్యగారు అడిగితే కాదనలేడు. అసలు చిక్కు అక్కడుంది. బెదిరింపు చేయలేని పనిని వాక్యం చేసిపెడుతోంది.

ఆ వాక్యాన్ని పక్కన పడేయాలని మేం అనడం లేదు. మాలో కొందరం సండే స్కూలు చాపల మీద కూర్చుని పెరిగినవాళ్లమే. మా వాదన ఇంకోటి. రాజీ కాగితం వెనక ఉన్న మాట, సువార్తలో ఉన్న మాట ఒకటి కావు.

కుడి చెంప, ఎడమ చెయ్యి

మత్తయి సువార్త అయిదో అధ్యాయంలో ఒక చిన్న వివరం ఉంది. లూకా ఏదో ఒక చెంప అని ఊరుకుంటాడు. మత్తయి మాత్రం కుడి చెంప అని ప్రత్యేకంగా రాస్తాడు. అమెరికా మెథడిస్టు పండితుడు వాల్టర్ వింక్ ఈ వివరాన్ని పట్టుకున్నాడు. ఎదురుగా నిలబడ్డ మనిషి కుడి చెంప మీద కొట్టాలంటే ఎడమ చేత్తో కొట్టాలి, లేదా కుడి చేతి వెనక వైపుతో కొట్టాలి. ఎడమ చెయ్యి ఆ సమాజంలో అశుద్ధమైన పనులకు వాడే చెయ్యి. ఇది మన పల్లెల్లో ఎవరికీ విడమరచి చెప్పనక్కర్లేదు. కాబట్టి ఆ దెబ్బ చేతి వెనక దెబ్బ. సమానుల మధ్య కొట్లాటలో అలా కొట్టరు. యజమాని బానిసను, రోమన్ యూదుణ్ణి కొట్టే దెబ్బ అది. దాని ఉద్దేశం గాయం చేయడం కాదు, స్థానం గుర్తుచేయడం. అప్పుడు రెండో చెంప తిప్పితే కొట్టేవాడికి చేతి వెనక దెబ్బ కుదరదు. కొట్టదలిస్తే సమానుణ్ణి కొట్టినట్టు కొట్టాలి. కింద ఉండమన్నవాడు కింద ఉండనని చెప్పే పద్ధతి అది అంటాడు వింక్.

రెండో మైలు మాట మాకు ఇంకా దగ్గరిది. రోమన్ సైనికుడు దారిన పోయేవాణ్ణి ఆపి మూట మోయించే హక్కు గురించిన మాట అది. అక్కడి గ్రీకు క్రియాపదానికి అర్థం బలవంతపు చాకిరీ చేయించడం. యేసు సిలువను కురేనీయుడైన సీమోను చేత మోయించిన చోట కూడా మత్తయి అదే పదం వాడాడు. మన మాటలో చెప్పాలంటే వెట్టి, బేగారి. నిజాం రాజ్యంలో దొర మూట, అధికారి మూట మోసినవాళ్ల మనవలు ధారూర్ జాతరలో కూర్చుని ఈ వచనం వింటున్నారు. ఈ ప్రాంతంలో బేగరి అన్న ఇంటిపేరున్న దళిత కుటుంబాలు నేటికీ చాలా ఉన్నాయి. వెట్టిని నిషేధించే రాజ్యాంగం 23వ అధికరణ ఇంగ్లీషు పాఠంలో కూడా బేగార్ అన్న ఆ పదమే ఉంది. ఇంతటి పోలిక కళ్లముందుండగా రెండో మైలును ఓర్పు పాఠంగా మాత్రమే చెప్పడం మాకు వింతగా తోస్తుంది.

వింక్ చెప్పినదంతా పండితులందరూ ఒప్పుకోరు. ముఖ్యంగా సైనికుడు ఒక మైలుకు మించి మోయించకూడదన్న నియమం ఉండేదన్న అతని వాదనకు ఆధారాలు బలహీనం. ఆ ఒక్క వివరం మీద ఇల్లు కట్టక్కర్లేదు. సువార్తలోనే ఇంకో చెంపదెబ్బ ఉంది, దాని మీద ఎందుకో ప్రసంగాలు తక్కువ. యోహాను సువార్త పద్దెనిమిదో అధ్యాయంలో యాజకుడి ముందు విచారణ జరుగుతుండగా ఒక బంట్రోతు యేసును కొడతాడు. యేసు రెండో చెంప తిప్పలేదు. తను తప్పు మాట్లాడి ఉంటే రుజువు చూపమని, మాట్లాడకపోతే ఎందుకు కొట్టావని ఆ బంట్రోతునే నిలదీశాడు. తిరిగి కొట్టలేదు, ఊరుకోనూ లేదు. అపొస్తలుల కార్యాల్లో పౌలు సంగతి చూడండి. ఫిలిప్పీలో విచారణ లేకుండా కొట్టి జైల్లో వేసిన అధికారులు మర్నాడు గుట్టుగా వెళ్లిపొమ్మంటే వెళ్లలేదు. వాళ్లే వచ్చి బయటికి తీసుకుపోవాలని పట్టుబట్టాడు. నేటి భాషలో అది రాజీకి ఒప్పుకోకపోవడం.

శత్రువును ప్రేమించాలంటే ముందు శత్రువు ఉన్నాడని చెప్పాలి. రాజీ పంచాయితీ మొట్టమొదట చేసే పని ఆ పేరు చెరిపేయడం. "మనమంతా ఒక ఊరోళ్లం" అంటారు. అందరూ ఒక ఊరివాళ్లే అయితే ఇక క్షమించడానికి ఎవరున్నారు?

మహాడ్, గుల్బర్గా, నాష్‌విల్

అంబేద్కర్ ఈ విషయంలో చర్చిని సూటిగా విమర్శించారు. మతం మారిన అంటరానివాళ్ల సామాజిక బాధల మీద మిషనరీలు పోరాడలేదనీ, దుఃఖానికి మూలం పాపమని బోధించి ఊరుకున్నారనీ ఆయన అభిప్రాయం. వికారాబాద్, తాండూరు ప్రాంతంలో అమెరికన్ మెథడిస్టులు బడులు పెట్టారు, ఆసుపత్రి కట్టారు. మా అమ్మమ్మల తరానికి అక్షరం అక్కడే దొరికింది, ఆ రుణం చిన్నది కాదు. కానీ అంబేద్కర్ అడిగిన ప్రశ్నకు అది జవాబు కాదు.

ఆయన ఆచరణ కూడా చూడాలి. 1927 మార్చి 20న మహాడ్‌లో చవదార్ చెరువు నీళ్లు తాగి వస్తున్నవాళ్ల మీద సవర్ణులు లాఠీలతో పడ్డారు. తమవాళ్లు వేలల్లో ఉన్నా ఎదురుదాడి వద్దని అంబేద్కర్ ఆపారు. అక్కడితో వదిలేయలేదు. దాడి చేసినవాళ్ల మీద కేసు నడిచింది, కొందరికి జైలు శిక్ష పడింది. చెరువు హక్కు దావా పదేళ్లు సాగి 1937 మార్చిలో బొంబాయి హైకోర్టులో దళితుల పక్షాన తేలింది. చెయ్యెత్తకపోవడం, కోర్టుకెక్కడం రెండూ ఒకే మనిషి చేశాడు. వాటి మధ్య ఆయనకు వైరుధ్యం కనిపించలేదు.

వేరే దారి చూపినవాళ్లూ మన పక్కనే ఉన్నారు. తాండూరు తాలూకా 1956 దాకా గుల్బర్గా జిల్లాలోదే. అదే గుల్బర్గాలో 1968లో శ్యాంసుందర్ భీమసేనను స్థాపించారు. హైదరాబాద్ తరఫున 1948లో ఐక్యరాజ్యసమితికి వెళ్లిన బృందంలో ఉన్న మనిషి ఆయన. దళితులకు ప్రత్యేక గ్రామాలు, ప్రత్యేక నియోజకవర్గాలు కావాలనీ, దాడులను దళితులే ఎదుర్కోవాలనీ భీమసేన చెప్పింది. ఆత్మరక్షణను హింస కింద లెక్కగట్టే హక్కు ఎవరికీ లేదని మేమూ అనుకుంటాం. అహింస బలవంతంగా రుద్దినదైతే అది నిరాయుధుణ్ణి ఇంకోసారి నిరాయుధుణ్ణి చేయడమే. ఎంచుకున్నదైతేనే దానికి పదును.

ఎంచుకున్న అహింస ఎలా ఉంటుందో చూడాలంటే మెథడిస్టు చరిత్రలోనే ఒక పుట ఉంది. జేమ్స్ లాసన్ అమెరికా నల్లజాతి మెథడిస్టు. కొరియా యుద్ధంలో చేరనని జైలుకు పోయాడు. ఆ తర్వాత 1953 నుంచి మూడేళ్లు నాగపూర్ హిస్లాప్ కాలేజీలో పనిచేశాడు. గాంధీ పద్ధతులు చదువుకుని తిరిగి వెళ్లి నాష్‌విల్‌లో విద్యార్థులకు శిక్షణ ఇచ్చాడు. పూనా ఒప్పందం గుర్తున్న మాబోటివాళ్లకు గాంధీ పేరు దగ్గర గొంతు కొంచెం పట్టుకుంటుంది, నిజమే. కానీ లాసన్ తీసుకున్నది క్రమశిక్షణ. ఆ చర్చి గదుల్లో విద్యార్థులు ఒకరినొకరు తిట్టుకుని, తోసుకుని, సిగరెట్ పొగ మొహాన ఊదుకుని సాధన చేశారు. 1960 ఫిబ్రవరిలో తెల్లవాళ్లకే పరిమితమైన హోటల్ కౌంటర్ల ముందు కూర్చున్నారు. దుకాణాలను బహిష్కరించారు. మే నెలలో నాష్‌విల్ కౌంటర్లు నల్లవాళ్లకు తెరుచుకున్నాయి. రెండు గ్లాసుల పద్ధతిని చూసిన ఊళ్లకు ఈ కథ పరాయిది కాదు. అక్కడ ప్రేమ అంటే వెనక్కి తగ్గడం కాదు, కుర్చీ వదలకపోవడం. శత్రువును ఇష్టపడక్కర్లేదనీ, ప్రేమ వేరు ఇష్టం వేరనీ మార్టిన్ లూథర్ కింగ్ తరచూ చెప్పేవాడు. వికారాబాద్ చర్చికీ లాసన్‌కూ మూలం ఒకే అమెరికన్ మెథడిజం. మనకు ప్రసంగం వచ్చింది, శిక్షణ రాలేదు.

చర్చి ఆవరణ నుంచి కోర్టు దాకా

తెలుగు నేల మీద ఆ శిక్షణను జనమే సొంతంగా నేర్చుకున్న సందర్భాలున్నాయి. 1985 జులై 17న కారంచేడులో మాదిగలను ఊచకోత కోశారు. బతికినవాళ్లు చీరాల చేరి చర్చి ఆవరణలో తలదాచుకున్నారు. ఊరికి తిరిగి రమ్మంటే రాలేదు. అదే ఆవరణ ఉద్యమ శిబిరమైంది, అందులోంచి దళిత మహాసభ పుట్టింది. 1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిది మంది దళితులను చంపారు. బాధితులు ప్రతీకార హత్యలకు దిగలేదు. చుండూరులోనే ప్రత్యేక కోర్టు పెట్టించుకుని ఏళ్ల తరబడి సాక్ష్యం చెప్పారు. 2007లో 21 మందికి యావజ్జీవ శిక్ష పడింది. 2014లో హైకోర్టు అందరినీ వదిలేసింది. ఆ రెండు ఊళ్ల బాధితుల్లో క్రైస్తవులు చాలామంది. పదహారేళ్లు ఒక్క రాయి విసరకుండా కోర్టు మెట్లెక్కినవాళ్లకు శత్రువును ప్రేమించడం గురించి ఎవరు పాఠం చెప్పాలి?

ఇక్కడే చట్టం ఇంకో దెబ్బ కొడుతుంది. 1950 రాష్ట్రపతి ఉత్తర్వు మూడో పేరా ప్రకారం హిందువు కానివారికి ఎస్సీ హోదా లేదు. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు, క్రైస్తవులను, ముస్లింలను చేర్చలేదు. తెలంగాణలో మతం మారిన ఎస్సీలు బీసీ-సి. 2025 ఏప్రిల్‌లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు, క్రైస్తవంలోకి మారిన వ్యక్తి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద రక్షణ కోరలేడని తీర్పిచ్చింది. కొట్టేటప్పుడు వాడి కులం చూస్తారు, కేసు పెట్టేటప్పుడు వాడి చర్చి చూస్తారు. ధారూర్ జాతరలో తీసిన ఒక ఫొటో రేపు డిఫెన్స్ లాయర్ చేతిలో సాక్ష్యమవుతుంది. అందుకే ఎంతోమంది ఆదివారం చర్చిలో, సోమవారం సర్టిఫికెట్‌లో వేరువేరు పేర్లతో బతుకుతున్నారు. రాజీకి ఒప్పుకునే ఇళ్లలో కొన్నింటి వెనక ఈ భయం కూడా ఉంటుంది, అది అయ్యగారికీ తెలుసు, ఎదుటివాళ్లకూ తెలుసు.

ఎస్సీ హోదా ఉన్నవారి విషయంలో చట్టం ఏం చెబుతుందో కార్యకర్తలు నోటికి పెట్టుకోవడం మంచిది. 2018లో చేర్చిన 18ఎ సెక్షన్ ప్రకారం ఎఫ్ఐఆర్‌కు ముందు ప్రాథమిక విచారణ అక్కర్లేదు. దర్యాప్తు డీఎస్పీ స్థాయి అధికారి చేయాలి, అరవై రోజుల్లో పూర్తి కావాలి. ఊరి పంచాయితీలో రాసుకున్న రాజీ కాగితంతో కేసు దానంతటదే ముగియదు. రాజీ పేరుతో కేసు కొట్టేయాలని అడిగినప్పుడు అది నిజంగా ఇష్టపూర్వకమా, ఒత్తిడి ఉందా అని కోర్టులు జాగ్రత్తగా చూడాలని సుప్రీంకోర్టు 2021లో చెప్పింది. 15ఎ సెక్షన్ ప్రకారం బెయిల్ విచారణతో సహా ప్రతి దశలో బాధితుడికి ముందుగా సమాచారం అందాలి, అతని మాట వినాలి. స్వచ్ఛంద సంస్థల, సామాజిక కార్యకర్తల, న్యాయవాదుల సాయం తీసుకునే హక్కు కూడా ఆ సెక్షన్‌లోనే ఉంది.

ఆ సాయం చేసేవాళ్లలో పాస్టర్ ఉండకూడదని ఎక్కడా లేదు. ఆ సాయంత్రం కుర్రవాడి ఇంటికి వచ్చిన అయ్యగారు సర్పంచ్ మనిషి వెనక కాకుండా కుర్రవాడి పక్కన కూర్చుని ఎఫ్ఐఆర్ కాపీ చదివి వినిపించవచ్చు, బెయిల్ రోజున అతనితోపాటు కోర్టుకు పోవచ్చు. క్షమించాలా వద్దా అన్నది ఆ తర్వాత ఆ కుర్రవాడే తేల్చుకుంటాడు.