నీటిలో దాగిన ఇంధనము

నిప్పును చల్లార్చుటకు నీరు వాడుదురు. అయినను మండెడు వాయువొకటి ఆ నీటియందే ఇమిడియున్నది. అదియే ఉదజని, దానినే హైడ్రోజనని కూడ వ్యవహరింతురు. 1766లో హెన్రీ కావెండిష్ అను ఆంగ్ల శాస్త్రజ్ఞుడు దాని గుణములను వివరించెను. ఉదజని ఆమ్లజనితో కలిసి మండినపుడు బొగ్గుపులుసు వాయువు పుట్టదు; తిరిగి నీరే ఏర్పడును.

పొలములకు చల్లు యూరియాకు మూలమైన అమ్మోనియాను చేయుటకు ఉదజని కావలెను. కాని నేడు లోకమున వాడబడు ఉదజనిలో అధికభాగము సహజవాయువునుండియు, బొగ్గునుండియు తీయబడుచున్నది. అప్పుడు వెలువడు బొగ్గుపులుసు వాయువు భూమి వేడెక్కుటకు కారణమగుచున్నది. నీటినుండియే ఉదజనిని తీయవచ్చును. కాని నీటి అణువును విడదీయుటకు శక్తి కావలెను. ఆ శక్తిని సూర్యునినుండి పొందుట యెట్లు?

1972లో ఫుజిషిమా, హోండా అను జపాను శాస్త్రజ్ఞులు ఒక మార్గము చూపిరి. టైటానియం డయాక్సైడును, ప్లాటినమును తీగతో కలిపి నీటిలోనుంచి, మొదటిదానిపై కాంతిని ప్రసరింపజేయగా నీరు విడిపోయెనని వారు ప్రకటించిరి. ఇట్లు కాంతిని గ్రహించి, తాను తరుగక, రసాయనిక మార్పును నడుపు పదార్థమునకు కాంతి ఉత్ప్రేరకమని పేరు. అయితే టైటానియం డయాక్సైడు అతినీలలోహిత కిరణములను మాత్రమే గ్రహించును. సూర్యకాంతిలో వాని భాగము నూటికి సుమారు ఐదు వంతులే.

కంటికి కనబడు వెలుగును గ్రహించు పదార్థములకై అన్వేషణ సాగెను. చిన్న అణువులు వరుసగా కలిసి ఏర్పడిన పెద్ద అణువు పాలిమరు. ప్రత్తిలోని సెల్యులోజు అట్టిదే. కర్బన నత్రజనులతో కూర్చిన పాలిమరొకటి దృశ్యకాంతిలో నీటినుండి ఉదజనిని వెలువరించునని 2009లో వెల్లడియయ్యెను. 2015లో ఇంగ్లాండునందలి లివర్పూల్ విశ్వవిద్యాలయపు శాస్త్రజ్ఞులు సూక్ష్మరంధ్రములు గల పాలిమరులతో ఈ పని సాధించిరి.

రంధ్రములేల? పాలిమరుపై వెలుగు పడగానే ఎలక్ట్రాను తన చోటు విడిచి లేచును. అది నీటిని చేరినచో ఉదజని పుట్టును. చేరనిచో క్షణములోనే స్వస్థానమున పడిపోవును, గ్రహించిన శక్తి వ్యర్థమగును. పంటకాలువ నిండుగా పారినను, పిల్లకాలువలు లేనిచో పొలము నడుమనున్న పైరునకు నీరందదు. రంధ్రములు పాలిమరునకు పిల్లకాలువల వంటివి. ఎలక్ట్రాను పుట్టుచోటికి సమీపముననే అవి నీటిని నిలుపును. అయితే తామరాకువలె నీటిని అంటనీయని పాలిమరునకు రంధ్రములున్నను ఫలము లేదు. అందుచే 2018లో అదే విశ్వవిద్యాలయమువారు, నీటిని ఆకర్షించు సల్ఫోను సమూహములను చేర్చి రంధ్రమయమైన చట్రమును నిర్మించిరి.

ఇంతటితో కార్యము ముగియలేదు. లేచిపోయిన ఎలక్ట్రాను విడిచిన ఖాళీ నిండవలెను. నీరే ఎలక్ట్రానునిచ్చి ఆమ్లజనిని విడుచుట సంపూర్ణమైన పని. అదియే మిక్కిలి కష్టము. కావున అనేక ప్రయోగములలో ఆస్కార్బిక్ ఆమ్లము వంటి పదార్థమును నీటిలో కలుపుచున్నారు. ఉసిరికాయలోని సి విటమిను ఇదియే. అది ఎలక్ట్రానులనిచ్చి తాను వ్యయమగుచుండును. ఒక వస్తువును నిత్యము వెచ్చించి తీసిన ఉదజని చౌకయని చెప్పుట తగదు. ఎంత ఉదజని వచ్చినదని మాత్రమే గాక, దానికై ఏమి వ్యయమైనదని కూడ విచారింపవలెను.

పచ్చని ఆకు ఎండలో నీటినే విడదీసి ఆమ్లజనిని గాలిలోనికి వదలుచున్నది. అందుకై వేరొక పదార్థమును అరువడుగదు. పాలిమరు కూడ అట్లు చేయగలిగిననాడే నీటిలోని ఇంధనము నిజముగా మానవుని వశమగును.