బౌద్ధము - విజ్ఞానశాస్త్రము

బౌద్ధమును విజ్ఞానశాస్త్రమును ఒకటేనని కొందరందురు. పోలిక కలదు, భేదమును కలదు. కేసపుత్తమున సంశయగ్రస్తులైన కాలాములకు, పరంపరగా వచ్చెననియు, గురువు చెప్పెననియు మాత్రమే దేనిని గ్రహింపవలదని బుద్ధుడు బోధించెను. ఈ పరీక్షాదృష్టియే పోలిక. అయితే బౌద్ధుని గురి దుఃఖనివారణము. శాస్త్రజ్ఞుని గురి ప్రకృతినియమముల నెరుగుట. ధ్యాని తన మనస్సును తానే చూచుకొనును. శాస్త్రజ్ఞుడు ఇతరులును సరిచూడదగిన కొలతలను కోరును.

2004లో విస్కాన్సిన్ విశ్వవిద్యాలయ శాస్త్రజ్ఞులు ప్రకటించిన పరిశోధనలో, చిరకాలము ధ్యాన మభ్యసించిన 8 మంది బౌద్ధుల మెదడునందు, ధ్యానసమయమున, గామా యను విద్యుత్తరంగములు ప్రబలముగా కనబడెను. ధ్యానమునకు మెదడులో జాడ కలదని ఇది సూచించును. పునర్జన్మను ఋజువు చేయదు. విజ్ఞానము నిశ్చయముగా కాదని తేల్చిన బౌద్ధాంశమును విడువవలెనని 2005లో దలైలామా వ్రాసెను. కాలాములకు చెప్పిన నియమమే అట్లు బౌద్ధమునకును వర్తించినది.