ఐఫోన్‌లో గేమ్ సెంటర్ ఆపడం ఎలా?

మీ పిల్లలు ఐఫోన్‌లో ఆడుకుంటున్నారా? అందులో యాపిల్ సంస్థ 2010 నుండి అందిస్తున్న గేమ్ సెంటర్ ఉంటుంది. స్కోర్లు పోల్చేది, ఆటకు ఆహ్వానాలు అందించేది, ముక్కూముఖం తెలియనివారితో కూడా ఆడే వీలు కల్పించేది ఇదే.

సెట్టింగ్స్ తెరిచి, గేమ్ సెంటర్ నొక్కి, బటన్ ఆఫ్ చేయండి. ఆటలు ఫోన్‌లోనే ఉంటాయి, ఆహ్వానాలు ఆగుతాయి. అయితే పిల్లలు మళ్లీ ఆన్ చేసుకోగలరు. అందుకే స్క్రీన్ టైమ్ పరిమితులలో మల్టీప్లేయర్ ఆటలు, స్నేహితులను చేర్చుకోవడం, ప్రైవేటు సందేశాలు నిలిపివేసి, వారికి తెలియని పాస్‌కోడ్ పెట్టండి.

ఆటకు సొంత చాట్ ఉంటే అది దీనితో ఆగదు. ఆ ఆటలోనే ఆపాలి.

ఎందుకు ఆపుతున్నారో బిడ్డను దగ్గర కూర్చోబెట్టుకొని చెప్పండి. రేపు ఎవరైనా బెదిరిస్తే, దాచకుండా మీ వద్దకు రావడానికి ఆ మాటలే ధైర్యమిస్తాయి.