పెన్‌డ్రైవ్‌ బతికినా... సమాచారం దక్కదు
మరమ్మతుకు ముందే ఆలోచించాలి

కోఠి: కంప్యూటర్‌కు తగిలిస్తే సామర్థ్యం సున్నా అని చూపుతుంది. లేదంటే కొత్తగా ఏదీ రాయనీయకుండా మొరాయిస్తుంది. ఇలాంటి పెన్‌డ్రైవ్‌లను చాలామంది చెత్తబుట్టలో పడేస్తారు. నిజానికి వీటిలో కొన్నింటిని తిరిగి పనిచేయించవచ్చు. అయితే అందులోని సమాచారాన్ని వదులుకోవాల్సిందే. అశోక్‌నగర్‌, చిక్కడపల్లి, నారాయణగూడల్లో పోటీ పరీక్షలకు చదివేవారు, ఎలక్ట్రానిక్‌ సామగ్రి కోసం కోఠి గుజరాతీ గల్లీకి వచ్చేవారు ఈ తేడా గమనించాలి.

లోపం ఎక్కడ?
పెన్‌డ్రైవ్‌లో సమాచారాన్ని దాచే ఫ్లాష్‌ మెమరీ, దాన్ని నడిపించే కంట్రోలర్‌ ఉంటాయి. కంట్రోలర్‌ పాటించే ఆదేశాలే ఫర్మ్‌వేర్‌. ఏ సమాచారం ఎక్కడుందో, మెమరీలో ఏ భాగం చెడిందో తెలిపే పట్టికలు దీని అధీనంలోనే ఉంటాయి. ఫైళ్లు ఎక్కుతుండగా డ్రైవ్‌ను లాగేసినా, కరెంటు పోయినా ఈ పట్టికలు దెబ్బతినవచ్చు. అప్పుడు మామూలు ఫార్మాట్‌ ఫలించదు.

మరమ్మతు ఇలా..
ముందుగా చిప్‌జీనియస్‌ వంటి సాఫ్ట్‌వేర్‌తో కంట్రోలర్‌ రకాన్ని గుర్తించాలి. తైవాన్‌ సంస్థలైన ఫైసన్‌, సిలికాన్‌ మోషన్‌, ఆల్కార్‌ మైక్రోల కంట్రోలర్లు విరివిగా కనిపిస్తాయి. పైన ఒకే కంపెనీ పేరున్నా లోపలి కంట్రోలర్‌ వేరు కావచ్చు. ఆ రకానికి సరిపోయే సాఫ్ట్‌వేర్‌నే వాడాలి. కర్మాగారాల కోసం రూపొందిన ఈ సాఫ్ట్‌వేర్‌ మెమరీని పరీక్షించి, చెడిన భాగాలను పక్కనపెట్టి, ఫర్మ్‌వేర్‌ను మళ్లీ ఎక్కిస్తుంది. ఈ క్రమంలో పాత ఫైళ్లు చెరిగిపోతాయి. ఫైళ్లే ముఖ్యమనుకుంటే డ్రైవ్‌పై ఏ ప్రయోగమూ చేయకుండా ముందుగా డేటా రికవరీ నిపుణులకు చూపించాలి.

మోసానికీ ఇదే దారి
ఇదే విధానంతో 4 జీబీ డ్రైవ్‌ను 64 జీబీగా చూపించి అమ్మే మోసగాళ్లున్నారు. అసలు సామర్థ్యం నిండాక ఎక్కించిన ఫైళ్లు పాడవుతాయి. కొన్న వెంటనే హెచ్‌2టెస్ట్‌డబ్ల్యూ సాఫ్ట్‌వేర్‌తో ఖాళీ డ్రైవ్‌ను చివరి వరకూ నింపి పరీక్షిస్తే గుట్టు తెలుస్తుంది. మార్చిన ఫర్మ్‌వేర్‌తో పెన్‌డ్రైవ్‌ను కీబోర్డులా నటింపజేసి, కంప్యూటర్‌కు ఆదేశాలివ్వవచ్చని జర్మనీ పరిశోధకులు కార్‌స్టన్‌ నోల్‌, యాకోబ్‌ లెల్‌ 2014లో లాస్‌వెగాస్‌లో నిరూపించారు. అందుకే ఊరూపేరూ లేని చోట దొరికిన మరమ్మతు సాఫ్ట్‌వేర్‌ను సొంత కంప్యూటర్‌లో వేయరాదు.

ఇవి పాటించాలి
* ముఖ్యమైన ఫైళ్ల నకలును వేరే చోట కూడా భద్రపరచాలి.
* ‘ఎజెక్ట్‌’ చేశాకే డ్రైవ్‌ను తీయాలి.
* మరమ్మతుకు ఇచ్చేటప్పుడు ఫైళ్లు కావాలో, డ్రైవ్‌ పనిచేస్తే చాలో ముందే చెప్పాలి.
* బాగుచేసిన డ్రైవ్‌ను పాటలు, సినిమాలకే వాడాలి.